గుంట లేని మగ్గం

ఇల్లు కొనేవాళ్ళు గోడల పగుళ్ళు చూస్తారు, కప్పు చూస్తారు, వాస్తు చూస్తారు. సుదర్శన్ చెప్పులు విడిచి నడింట్లో నిలబడి నేలను చూస్తాడు. జ్వరమొచ్చిన పిల్ల నుదుటి మీద చెయ్యి పెట్టినట్టు అరికాలిని నేలకు ఆనించి కాసేపు కదలకుండా ఉంటాడు. చల్లదనం ఎంత లోతు నుంచి వస్తున్నదో పాదానికి తెలుస్తుందని వాళ్ళ నాయన రామచంద్రయ్య చెప్పేవాడు. ఆయన పోయి చాలా ఏళ్ళయినా ఆ అలవాటు కొడుకులో ఉండిపోయింది.

గద్వాలలో నేసేవాళ్ళకు ఇల్లంటే ముందు మగ్గం గుంట. మనిషి నడుము దాకా దిగి కూర్చుని, కాళ్ళతో కింది పలకలు తొక్కుతూ నేస్తాడు. అది కూర్చునే వీలు కోసం ఒక్కటే కాదు. ఆ ప్రాంతపు ఎండకు గాలిలో తడి ఉండదు. పొడిగాలికి నూలు పెళుసెక్కి పుటుక్కుమంటుంది. గుంటలో ఊరే చెమ్మ పైనున్న నిలువుపోగుల పడుగును మెత్తగా పట్టి ఉంచుతుంది. అందుకే నేల మీద నిలబెట్టే మగ్గాలు వచ్చినా, నూలు చీరకు పట్టు అంచు కలిపి నేసే పనిలో ఉన్నవాళ్ళు గుంటను వదలలేదు. అడ్డపోగును అటూ ఇటూ మోసే నాడె అంచుకొకటి, నడుముకొకటి. పోగులో పోగు మెలేసి, అతుకు చేతికి తగలకుండా నేయాలి. తెగే నూలుతో ఆ పని జరగదు.

కిరాయి ఇంట్లో గుంట తవ్వనివ్వడానికి ఏ యజమానీ ఇష్టపడడు. ఒప్పుకున్నా, పోయేటప్పుడు పూడ్చి, దిమ్మిస కొట్టి, అలికి పొమ్మంటాడు. సుదర్శన్ పెళ్ళయ్యాక అలాంటి ఇళ్ళు రెండు మారాడు. రెండుచోట్లా తాను తవ్విన గుంటను తానే పూడ్చాడు. రెండోసారి పూడుస్తున్నప్పుడు భార్య జములమ్మ తట్టలో మట్టి అందిస్తూ, ఇంకో ఇంట్లో తాను మట్టి మొయ్యనని చెప్పింది. ఆ మాట తీసుకునే సుదర్శన్ సొంతిల్లు వెతకడం మొదలుపెట్టాడు.

రెండువేల ఏడు వేసవిలో ఇల్లు దొరికింది. ముందు గదికి షాబాదు బండలు, నడింటికీ వెనకింటికీ ఎర్రమట్టి నేల. అమ్మే మనిషి రాఘవేంద్ర, ఊళ్ళో విత్తనాల దుకాణం నడిపి మూసేసినవాడు. నవ్వు మొహం, ఎదుటివాడి భుజం మీద చెయ్యి వేసి మాట్లాడే తీరు. రాయచూరు దిక్కు వ్యాపారం చూసుకున్నానని, ఇక ఇక్కడ ఉండేది లేదని చెప్పాడు. సుదర్శన్ అతని మాట సగమే విన్నాడు. చెంబెడు నీళ్ళు అడిగి, నడింట్లో మూరెడు గుంత చేసి పోసి, నీళ్ళు ఎంతసేపటికి ఇంకుతాయో చూస్తూ గొంతుక్కూర్చున్నాడు. నెమ్మదిగా ఇంకాయి. కింద బండ లేదు, ఊట లేదు. ఎడమ కిటికీ నుంచి వెలుగు సరిగ్గా నాడె ఆడే చోట పడుతున్నది. అంతకన్నా మంచి నేల తన జన్మలో చూడలేదనుకున్నాడు.

జములమ్మ మాత్రం నేల చూడలేదు. తలుపు వెనక ఆడమనిషి చెప్పులు చూసింది. గూట్లో సగం వాడిన పిల్లల పౌడరు డబ్బా, కొక్కేనికి చిన్న గౌను చూసింది. రాఘవేంద్ర బయటికి పోయినప్పుడు మొగుణ్ణి గిల్లి పిలిచింది.

“ఏమయ్యా, ఊరికి పోయే ఆడిది చెప్పులు ఇడిచిపెట్టి పోతదా?”

“కొత్తయి కొనుక్కున్నదేమో.”

“పిల్ల గౌను?”

సుదర్శన్ ఇంకుతున్న నీళ్ళ వైపు చూస్తూ అడుగుతాలే అన్నాడు. అడిగాడు కూడా. రాఘవేంద్ర నవ్వి, భార్య బిడ్డను తీసుకుని అమరచింతలో తల్లిగారింటికి పోయిందని, అటునుంచి అటే రాయచూరు వస్తుందని చెప్పాడు. ఆ జవాబు చాలు అనుకున్నాడు సుదర్శన్. కాగితాలు రాసే ఆయనతో వెనకటి పదమూడేళ్ళ లెక్క తీయించాడు. ఇంటి మీద అప్పు లేదు, తాకట్టు లేదు. రిజిస్ట్రేషన్ జరిగిపోయింది. ఒక ఆడమనిషి కోర్టులో వేరే కాగితం పెట్టుకుందని, కొత్తగా వచ్చిన గృహహింస చట్టం కింద ఈ ఇంటిని అమ్మొద్దని అప్పటికే ఒక ఉత్తర్వు పుట్టి, నోటీసులు అందించే కోర్టు అమీనా సంచిలో తిరుగుతున్నదని, ఆ లెక్కలో ఎక్కడా ఉండదు. ఇల్లు కొనేవాడికి కనబడేలా దాన్ని ఎక్కడ రాయాలో ఎవరూ ఆలోచించి పెట్టలేదు.

మంచిరోజు చూసి గుంట తవ్వాడు. పాత ఇంటి మగ్గం మీది పడుగు కొసలను, పోగులు దూరే అచ్చుతో సహా తడిగుడ్డలో చుట్టి, పసిపిల్లను మోసినట్టు మోసుకొచ్చాడు. ఆ కొసలకే కొత్త పడుగు అతికాడు. పోగుకు పోగు ముడివేసుకుంటూ, నాయన పెట్టిన వరుస తెగకుండా ఇల్లు మారినందుకు మురిసిపోయాడు. కూతురు భవ్యశ్రీ అప్పటికి దోగాడే పిల్ల. గుంటలో పడుతుందేమోనని జములమ్మ నాలుగు వైపులా కర్రలు కట్టింది. పిల్ల ఆ కర్రలు పట్టుకునే నిలబడడం నేర్చుకుంది.

బతుకమ్మ పండుగకు ముందు, ఆ ఇంటి ముందర జీపు ఆగింది. ఇద్దరు పోలీసులు, సంక్షేమ శాఖ నుంచి వచ్చిన ఒకామె, వాళ్ళ వెనక సంచి పట్టుకున్న ఒక సన్నటి మనిషి, ఆమె కొంగు పట్టుకుని భవ్యశ్రీ కన్నా కాస్త పెద్ద పిల్ల. ఆ మనిషి సుమన, రాఘవేంద్ర భార్య. పిల్ల పేరు కావ్య. సంక్షేమ శాఖామె ఉత్తర్వు చదివింది. అది భార్యాభర్తలు కలిసి బతికిన ఇల్లు కాబట్టి కేసు తేలేదాకా సుమనకు అందులో ఉండే హక్కుంది, ముందు గది ఆమెకు ఇవ్వాలి.

జములమ్మ గడపకు అడ్డంగా నిలబడింది. ఇది మేం కొన్న ఇల్లు, ఎవరి పెండ్లామో వచ్చి కూర్చోవడానికి సత్రం కాదన్నది. కోపంలో చాలా మాటలు అన్నది. సుమన ఏ మాటకూ జవాబివ్వలేదు. తల ఒక పక్కకు వంచి, ఎదుటివాళ్ళ పెదవులు చూస్తున్నది. ఎడమ చెవి వినబడదని తర్వాత తెలిసింది. దుకాణం మూసిన ఏడాది రాఘవేంద్ర కొట్టిన దెబ్బకు పోయింది. ఆ పూట మాత్రం పొగరనుకున్నారు. అరిచి అరిచి జములమ్మ అలిసిపోయాక, తలుపు వెనక నుంచి ఆ పాత చెప్పులు ఆమె కాళ్ళ ముందు పడేసింది. సుమన వాటిని తొడుక్కుని ముందు గదిలోకి పోయింది.

సుదర్శన్ వకీలు చంద్రశేఖర్ దగ్గరికి పరుగెత్తాడు. తన ఇల్లు తనదేనని చెప్పుకోవడానికి అదే కేసులో చేరాలన్నాడు వకీలు. ఈ చట్టం కింద కేసు రెండు నెలల్లో తేల్చాలని పుస్తకంలో ఉందని కూడా చెప్పాడు.

“రెండు నెలలంటే ఎంతనే? నీ మగ్గం మీది పడుగు ఒడిసేలోపల తేలిపోతది.”

పడుగు ఒడవలేదు, ఒడవనివ్వలేదు. ఇంటిని చూసి రమ్మని కోర్టు ఒక కుర్ర వకీలును పంపింది. ఆయన టేపు పెట్టి గదులు కొలిచాడు. నడింట్లో గుంట చూసి ఇదెప్పటిదని అడిగాడు. సుదర్శన్ గర్వంగా తానే తవ్వానన్నాడు. చెమ్మ గురించి, నూలు గురించి చెప్పబోయాడు. నేతపని చేసేవాడు ఇల్లు కొంటే చేసే మొదటి పని అదేనని, అది తప్పు కాగలదని అతనికి తోచనే లేదు. వకీలు తల ఊపుకుంటూ రాసుకుపోయాడు. వివాదంలో ఉన్న ఇంటి నడుమ పెద్ద గొయ్యి తవ్వి రూపు మార్చారని, పసిపిల్లలు తిరిగే ఇంట్లో అది ప్రమాదమని ఆ రాతలో తేలింది. ఉన్నది ఉన్నట్టు ఉంచాలని, గొయ్యి పూడ్చాలని, తేలేదాకా మళ్ళీ ఎక్కడా తవ్వరాదని ఉత్తర్వు వచ్చింది.

మగ్గం మీద చీర సగం ఉండగా గుంట పూడ్చడం వాళ్ళ ఇంటి ఆనవాయితీలో లేదు. చీర దించాకే ఏదైనా. సుదర్శన్ గడువు అడిగాడు. ఆ వారం మేజిస్ట్రేటు సెలవు, ఆ తర్వాత బదిలీ. గడువు ఇచ్చే మనిషి లేడు, ఉత్తర్వు మాత్రం ఉంది. పోలీసు వచ్చి మర్యాదగానే చెప్పిపోయాడు. సగం చీరను కోసి దించి, సుదర్శన్ గుంటలోకి మట్టి లాగాడు. మట్టి మొయ్యనన్న జములమ్మ తట్టలు మోసింది. ముందు గది తలుపు సందులో నుంచి సుమన చూసింది. గుంట పూడ్చమని ఆమె అడగలేదు. ఆమె తరఫున వకీలు అడిగాడు.

అప్పటి నుంచి సుదర్శన్ సావుకారి బాలయ్య షెడ్డులో నేయడానికి పోతున్నాడు. సొంత ఇల్లున్నవాడు, సొంత మగ్గమున్నవాడు, పొద్దున లేచి ఇంకొకరి గుంటలో దిగుతాడు. మగ్గం కర్రలు విప్పి నడింటి గోడకు ఆనించాడు. షెడ్డులో వాళ్ళు మొదట్లో పరాచికాలాడేవాళ్ళు. “కోర్టు అల్లుడొచ్చిండు, జర గుంట ఇడువుండ్రి” అనేవాళ్ళు. ఇంటి దగ్గరైతే జములమ్మ నాడెలో పెట్టే నూలు కండెలు చుట్టిచ్చేది, అంచు నాడె అందుకునేది. ఇక్కడ ఆ చేయి లేదు, చీర ఆలస్యమయ్యేది. పిల్ల దగ్గితే వినబడేది కాదు. దగ్గు మొదలైన చలికాలం, నేస్తూ నేస్తూ మధ్యలో ఆగి చెవి రిక్కించేవాడు. అక్కడ వినబడేది నాలుగు మగ్గాల చప్పుడే.

వాయిదాలు నడిచాయి. రాఘవేంద్ర మొదట వకీలును పెట్టుకున్నాడు, తర్వాత ఆ వకీలు తప్పుకున్నాడు. నోటీసు పంపితే ఆ చిరునామాలో లేడని తిరిగొచ్చింది. లేకపోయినా సరే విందామని ఒక మేజిస్ట్రేటు అనుకునేసరికి, రాఘవేంద్ర ఒకరోజు ప్రత్యక్షమై, తన మాట కూడా వినాలని దరఖాస్తు పెట్టుకుని మళ్ళీ మాయమయ్యాడు. కేసు మొదటికొచ్చింది. ఆ మేజిస్ట్రేటు పోయి కుర్చీ ఖాళీగా ఉంది. పక్క ఊరి ఆయన వారానికోసారి వచ్చి తేదీలు మాత్రం వేసిపోయేవాడు. ఆయన స్థానంలో కొత్తాయన వచ్చి కేసు మొదటి నుంచి చదవాలన్నాడు. కోర్టులో గెలిచినవాడు ఇంట్లో ఏడిస్తే ఓడినవాడు అక్కడే ఏడ్చాడంటారు. సుదర్శన్ గెలవనూ లేదు, ఓడనూ లేదు. ఎక్కడ ఏడవాలో కూడా అతనికి తెలియలేదు.

ఒకే కప్పు కింద రెండు పొయ్యిలు. ఆమెతో మాట్లాడితే ఆమె హక్కు ఒప్పుకున్నట్టవుతుందని చంద్రశేఖర్ చెప్పాడు. వాళ్ళతో మాట్లాడితే నువ్వు కుమ్మక్కయ్యావంటారని సుమన వకీలు ఆమెకు చెప్పాడు. పెద్దవాళ్ళు ఆ మాట నిలబెట్టుకున్నారు. నీళ్ళ తొట్టి దగ్గర ఎదురుపడితే ఒకరు పక్కకు తప్పుకునేవాళ్ళు. పిల్లలకు వకీళ్ళు లేరు. భవ్యశ్రీ పొద్దున లేస్తే ముందు గదిలో ఉండేది. కావ్య ఆకలేస్తే నడింటికి వచ్చేది. పూడ్చిన గుంట మీద మట్టి కొంచెం కుంగి, చిన్న పళ్ళెంలా ఉండేది. ఇద్దరూ అందులో కూర్చుని ఆడుకునేవాళ్ళు.

రెండో ఏడు వానాకాలంలో కావ్యకు జ్వరం పట్టుకుంది. సుమన అప్పటికి అంగన్‌వాడీలో ఆయాగా చేస్తున్నది. ఆమె ఇంకా రాలేదు. పిల్ల కళ్ళు తేలేస్తుంటే జములమ్మ ఎత్తుకుని దవాఖానకు పరుగెత్తింది. సుమన వచ్చేసరికి పిల్ల మంచం మీద ఉంది, చేతికి సూది ఉంది, పక్కన జములమ్మ తడిగుడ్డతో కూర్చుని ఉంది. డాక్టరు చెప్పింది సుమన ఎడమ పక్క నిలబడి చెప్పాడు. ఆమెకు వినబడలేదని జములమ్మ గ్రహించింది. లేచి, ఆమె కుడివైపు పోయి, ప్రతి మాటా మళ్ళీ చెప్పింది. ఆ తర్వాత ఆ ఇంట్లో ఎవరు సుమనతో మాట్లాడినా కుడివైపు నుంచే మాట్లాడారు. వకీళ్ళు చెప్పింది వకీళ్ళ దగ్గరే ఉండిపోయింది.

మాటలు మొదలయ్యాక అందరికీ తెలిసొచ్చింది, కేసు తేలకపోయినా తాము తేల్చుకోవచ్చని. ముందు గది సుమనకు. నడిల్లు, వెనకిల్లు సుదర్శన్‌కు. నడుమ గోడ. సుదర్శన్‌కు వెనక సందులో నుంచి దారి. నడింట్లో గుంట తవ్వుకుంటే సుమనకు అభ్యంతరం లేదు. సగం ఇల్లు పోతుందని జములమ్మ ఒకరోజు అన్నం తినలేదు. మరునాడు, “సగం నేల మీద మొత్తం మగ్గం నిలబడ్తది, పోనీ” అన్నది. చంద్రశేఖర్ విసుక్కుంటూనే రాజీ కాగితం రాశాడు. ఇద్దరూ సంతకాలు పెట్టి మేజిస్ట్రేటు ముందు నిలబడ్డారు. కోర్టులు పుట్టినప్పటి నుంచి ఇంత ఒద్దికగా వచ్చినవాళ్ళు ఉండరేమో అనుకున్నాడు సుదర్శన్.

మేజిస్ట్రేటు కాగితం చదివి, మొదటి ప్రతివాది సంతకం ఏదని అడిగాడు. కేసు రాఘవేంద్ర మీద. ఇల్లు అమ్మినవాడు అతను. అతను లేకుండా ఈ రాజీని రికార్డు చేయడం కుదరదు. కొట్టినవాడు, మోసం చేసినవాడు ఒప్పుకుంటే తప్ప, దెబ్బ తిన్నామె, మోసపోయినవాడు రాజీ పడడానికి లేదు. కాగితం ఫైలులో పెట్టి, అతనికి మళ్ళీ నోటీసు అన్నాడు. ఏ చిరునామాకో ఎవరికీ తెలియదు.

సుమన అప్పుడే అన్నది, తవ్వుకో అన్నా, నేను ఎవరికీ చెప్పనని. సుదర్శన్ గడ్డపార చేతికి తీసుకున్నాడు కూడా. కానీ ఉత్తర్వు ధిక్కరిస్తే ఇల్లు మొత్తానికే ఎసరొస్తుందని వకీలు భయపెట్టాడు. గడ్డపార గోడకు ఆనించాడు. అది మగ్గం కర్రల పక్కనే ఉండిపోయింది.

రెండువేల తొమ్మిది చివర, పెళ్ళిళ్ళ గిరాకీ మీద ఉన్న రోజుల్లో, సావుకారి బాలయ్య షెడ్డులోకి తొంగి చూసి సుదర్శన్‌ను దుకాణంలోకి పిలిచాడు. రాయచూరు దిక్కు నుంచి మంచి బేరం వచ్చింది. అతుకు ఎట్లా వేస్తారో చూడాలంటున్నారు, నేసినవాడే చూపిస్తే నమ్ముతారు. సుదర్శన్ చీర మడత చేతిలో పట్టుకుని ముందుకు వచ్చాడు. పరుపు మీద ఆడవాళ్ళు, పిల్లలు, వాళ్ళ నడుమ దిండుకు ఆనుకుని రాఘవేంద్ర. అన్న కొడుకు పెళ్ళికి చీరలు కొనడానికి వచ్చాడు. కొంచెం లావయ్యాడు. లేచి వచ్చి, పాత స్నేహితుణ్ణి చూసినట్టు సుదర్శన్ భుజం మీద చెయ్యి వేశాడు.

“ఏం సుదర్శనన్నా, బాగున్నవా? ఇల్లు కలిసొచ్చిందా?”

ఈ మనిషి కనిపిస్తే ఏం చేయాలో సుదర్శన్ షెడ్డులో కూర్చుని చాలాసార్లు అనుకున్నాడు. కాలరు పట్టుకోవాలి, బజారుకు ఈడ్చాలి, నలుగురి ముందు అడగాలి. తీరా ఎదురుపడితే చేతిలో సావుకారి చీర ఉంది. అది నలిగితే తన కూలి పోతుంది. చీరను జాగ్రత్తగా పరుపు మీద పెట్టాడు. పెట్టేసరికి కోపం స్థానంలో ఇంకేదో వచ్చి కూర్చున్నది. ఫైలులో ఉన్న కాగితం గుర్తొచ్చింది. ఒక్క సంతకం. కోర్టు ఆ వీధి చివరే.

“రాఘవేంద్రన్నా, నీకు దండం పెడ్త. ఒక్క సంతకం పెట్టిపో.”

రాఘవేంద్ర ఓపిగ్గా విన్నాడు. అయ్యో, ఇంత పరేషాన్ అయ్యావా అని నొచ్చుకున్నాడు. తనకేం అడ్డం లేదన్నాడు. ఒక్కటే మాట అడిగాడు.

“నేను చెయ్యి చేసుకోలేదని ఆమెతోని రాయించుకరా. మందిమాట విని కేసేసిన అని రాయమను. గంతే. మేము ఇంకో గంట ఈడనే ఉంటం. నువ్వు కాయిదం తెచ్చుడే ఆలస్యం, నేను సంతకం పెట్టుడే.”

బాలయ్య బేరం చెడకుండా పని కావడం చూసి సంతోషపడ్డాడు. “మంచిదే కదరా. పోయి అడుగు, పో” అన్నాడు.

సుదర్శన్ ఇంటికి పరుగులాంటి నడక నడిచాడు. దారి పొడుగునా తనకు తాను సర్ది చెప్పుకున్నాడు. ఒక వాక్యమే కదా. చెప్పినా చెప్పకపోయినా పోయిన చెవి రాదు. ఆమెకు గది దక్కుతుంది, తనకు గుంట దక్కుతుంది, పిల్లలకు నిలవ నీడ దక్కుతుంది. ఇంటికి చేరేసరికి ఆ వాక్యం చాలా చిన్నదిగా, అడగడానికి తేలికగా కనబడింది.

సుమన గడపలో కూర్చుని బియ్యం చెరుగుతున్నది. వెనక జములమ్మ కావ్యకు జడ వేస్తున్నది. సుదర్శన్ అలవాటు చొప్పున తిరిగిపోయి సుమన కుడివైపు కూర్చున్నాడు. రాఘవేంద్ర వచ్చాడని, సంతకం పెడతానన్నాడని, ఫలానా మాట రాయమన్నాడని అంతా చెప్పాడు. సుమన చేట ఆపి విన్నది. తర్వాత అతని వైపు తిరిగి అడిగింది.

“ఏ చెవుల చెప్తున్నవన్నా నువ్వీ మాట?”

సుదర్శన్ కూర్చున్న చోటు చూసుకున్నాడు. లేచి నిలబడ్డాడు.

“నాకు ఈ గది లేకున్నా సరే,” అన్నది సుమన. గొంతు పెంచలేదు. “వాడు కొట్టిండని కోర్టు ఒక్క కాయిదం మీద రాయాలె. అది రాసిన్నాడు ఇల్లు మొత్తం నీకే ఇడిచి పోత. కొట్టలేదని నా చేతితోని నేను రాయ.”

జములమ్మ జడ చివర ముడి వేసి, కావ్యను లోపలికి పంపింది. “సిగ్గుండాలె” అన్నది. ఎవరిని అన్నదో ఆమె చెప్పలేదు. సుదర్శన్ తననే అనుకున్నాడు.

దుకాణానికి తిరిగి వచ్చేసరికి పరుపు ఖాళీగా ఉంది. బాలయ్య చీరలు మడతలు పెడుతున్నాడు. బేరం బాగా కుదిరిందని, వాళ్ళు తొందరగా లేచారని, నీకోసం కాసేపు చూశారని చెప్పాడు. సుదర్శన్ చూపించడానికి తెచ్చిన చీర అక్కడ లేదు. అదీ అమ్ముడుపోయింది.

తర్వాతి వాయిదా నాటికి వకీళ్ళు తెలంగాణ కోసం కోర్టు బహిష్కరిస్తున్నారు. చంద్రశేఖర్ మెట్ల దగ్గర శిబిరంలో కూర్చుని, లోపలికి తాను రాలేనని, పిలిస్తే నువ్వే పలకమని చెప్పాడు. లోపల సుమన గోడ పక్క బల్ల మీద కూర్చుని ఉంది. సుదర్శన్ ఇంకో బల్ల మీద కూర్చున్నాడు. అతను ఆ వాక్యం రాయమని అడిగిన రోజు నుంచి వాళ్ళ మధ్య అవసరానికే మాటలు. కోర్టు జవాను తలుపు దగ్గర నిలబడి రాఘవేంద్ర పేరు మూడుసార్లు పిలిచాడు. ఎవరూ రాలేదు. మేజిస్ట్రేటు తేదీ రాయబోయాడు.

సుదర్శన్ లేచి చేతులు కట్టుకున్నాడు. మొదటి ప్రతివాదిని తాను చూశానని చెప్పాడు. ఈ ఊళ్ళోనే, ఈ వీధిలోనే, మొన్న పెళ్ళి చీరలు కొంటుండగా చూశానని, మాట్లాడానని చెప్పాడు. మేజిస్ట్రేటు కలం పక్కన పెట్టి తలెత్తాడు. ఇన్నేళ్ళలో ఆ కుర్చీలోని మనిషి అతని మొహం చూడడం అదే మొదలు.

“మంచిది. ఎక్కడుంటున్నాడు?”

“రాయచూరు దిక్కు సార్.”

“రాయచూరులో ఎక్కడ? వీధి, ఇంటి నంబరు, ఫోను నంబరు, ఏదైనా చెప్పు. ఈ రోజే నోటీసు పంపుతా.”

సుదర్శన్‌కు ఆ పూట దుకాణం గుర్తొచ్చింది. రెండేళ్ళకు పైగా అమీనాలు వెతికిన మనిషి తన భుజం మీద చెయ్యి వేసి నిలబడ్డాడు. ఎక్కడుంటున్నావని తాను అడగలేదు. వచ్చిన బండి నంబరు చూడలేదు. వీధి చివరి కోర్టుకు కబురు పంపలేదు. అతన్ని పరుపు మీద కూర్చోబెట్టి, అతని మాట మోసుకుని ఇంటికి పోయాడు.

“అడగలేదు సార్.”

“చీరలమ్మిన దుకాణంలో తెలుస్తుందా?”

ఆ మాట బాలయ్యను అంతకుముందే అడిగాడు. రొక్కం ఇచ్చి పోయినవాళ్ళ ఊరూ పేరూ తమకెందుకన్నాడు సావుకారి.

“తెల్వదంటుండు సార్.”

“చిరునామా తెలుసుకుని దాఖలు చెయ్యండి” అని మేజిస్ట్రేటు కలం అందుకున్నాడు. ఉగాది దాటాక ఒక తేదీ వేసి, పక్క ఫైలు తెరిచాడు.

బయట శిబిరంలో పాటలు పాడుతున్నారు. సుమన మెట్ల మీద ఆగి, అతను దగ్గరికి వచ్చేదాకా నిలబడింది. ఏమీ అనకపోతే బాగుండునని అతను కోరుకున్నాడు.

“ఇల్లేడని ఒక్క మాట అడిగితే అయిపోవు గదన్నా” అన్నది. “నన్ను అడగనీకె మాత్రం ఉరికొస్తివి.”

సంతకం పెడతాడనుకున్నానని సుదర్శన్ చెప్పాడు. అప్పటికే ఆమె వినబడని చెవిని అతని వైపు తిప్పి నడుస్తున్నది. ఇద్దరూ పోవాల్సింది ఒకే ఇంటికి. ఆమె ఇంటి దారి పట్టింది. అతను షెడ్డు వైపు తిరిగాడు, పూట కూలి పోకముందే గుంటలో దిగాలని.